వచ్చినదీ, రావలసినదీ

2013 జూన్‌లో మా నాన్న పెన్షన్ కోసం పెట్టుకున్న ఫారం 10-డి నెలన్నర తిరక్కుండానే వెనక్కొచ్చింది. దానికి పిన్ను గుచ్చిన చీటీ మీద రెండు ముక్కలే ఉన్నాయి. సర్వీసు 8 సంవత్సరాల 11 నెలలు కాబట్టి పెన్షన్‌కు అర్హత లేదు, ఫారం 10-సి సమర్పించవలెను. నాన్న స్పిన్నింగ్ మిల్లులో 14 ఏళ్లు చేశాడు. 1999 జూన్‌లో చేరాడు, 2013 మే నెలాఖరుకి 58 నిండి బయటికొచ్చాడు. చీటీ చదివి, కళ్లజోడు తీసి తుడిచి, మళ్లీ చదివాడు. "మిగతా అయిదేళ్లూ నేనెక్కడికి పోయాన్రా?" అన్నాడు.

ఆ అయిదేళ్ల జవాబుదారీ ఎవరిది అన్నదే ఈ వ్యాసం. యజమానికీ పీఎఫ్ ఆఫీసుకీ కార్మికుడికీ మధ్య పెన్షన్ మీద నడిచే వ్యాజ్యాలు చాలా రకాలు. పదేళ్లుగా వాటి తీర్పులు చదువుతున్నాను, కొన్ని ఫైళ్లు దగ్గర్నుంచి చూశాను. వీటిల్లో ఎక్కువ భాగం డబ్బు ఎంత అన్న దగ్గర మొదలై, కాగితం ఎవరి దగ్గరుంది అన్న దగ్గర ఆగిపోతాయి. కాగితం యజమాని దగ్గర ఉంటుంది. అది లేకపోతే నష్టపోయేది మాత్రం కార్మికుడు. చట్టం అలా ఉండమనలేదు. మనం అలా నడుపుకుంటున్నాం.

తెలియనివాళ్ల కోసం లెక్క చెప్తాను. ఉద్యోగుల పెన్షన్ పథకం, అందరూ ఈపీఎస్-95 అనేది, 1995 నవంబరు 16న మొదలైంది. యజమాని వాటాగా కట్టే 12 శాతంలోంచి 8.33 శాతం అందులోకి పోతుంది, కేంద్రం 1.16 శాతం కలుపుతుంది. పదేళ్ల సర్వీసుంటే 58 ఏళ్లకి నెలనెలా పెన్షన్. జీతాన్ని సర్వీసు ఏళ్లతో గుణించి 70తో భాగిస్తే వచ్చేదే పెన్షన్. అప్పట్లో జీతం పరిమితి 6,500. ఆరు నెలలు నిండిన ముక్కని పూర్తి ఏడాదిగా లెక్కేస్తారు. కాబట్టి రికార్డులో ఇంకో ఏడు నెలలు పడుంటే నాన్న గట్టెక్కేవాడు. పద్నాలుగేళ్లూ పడితే ఆయనకి రావలసింది నెలకి 1,300 రూపాయలు.

"పదమూడొందల కోసం ఇంత రాద్ధాంతమా" అన్నది పైవాళ్లెవరో కాదు, మా బావే. ఇవాళ ఆంధ్రప్రదేశ్‌లో వృద్ధాప్య పింఛను నెలకి 4,000. ఈపీఎస్ కనీస పెన్షనేమో 2014 సెప్టెంబరు నుంచి 1,000 దగ్గరే కూర్చుంది. అందుకని బావ మాటని పూర్తిగా తీసిపారెయ్యలేను. కానీ ఆ పదమూడొందలూ నాన్న జీతంలో భాగం. ముందే సంపాదించి, ఇంకొకరి చేతిలో పెట్టిన సొమ్ము.

మిల్లు గేటు దగ్గర పీఎఫ్ కాగితాలు నింపిపెట్టే ఏజెంటు ఒకడుండేవాడు. "బాబాయ్, కొట్లాడితే నువ్వు పోయాక వస్తుంది. 10-సి పెట్టు, అరవై వేల చిల్లర ఈ నెల్లోనే చేతికొస్తాయి" అన్నాడు. అతను చెప్పిన అంకెలో అబద్ధం లేదు. పదేళ్లు నిండనివాళ్లకి చందాల బదులు ఒకేసారి ఇచ్చే మొత్తం అది. అరవై వేలంటే సుమారు నాలుగేళ్ల పెన్షన్. నాన్న తర్వాత అమ్మకి రావాల్సిన వితంతు పెన్షన్ ఆ లెక్కలో లేనే లేదు. పైగా ఒకసారి ఆ డబ్బు తీసుకుంటే ఆ సర్వీసు అంతటితో చెల్లు. ఇలాంటి ఎగవేతల్లో చాలావాటి మీద తగువు అసలు మొదలే కాకపోవడానికి ఈ 10-సి కారణమని నా అనుమానం. అవసరం మీదున్న మనిషికి అరవై వేలు చూపిస్తే అయిదేళ్ల సర్వీసు గురించి అడగడు.

నాన్న అడిగాడు. ఎందుకంటే ఆయన జీతం చీటీలు పారెయ్యలేదు. అన్నీ లేవు, ఆ కాలానివి పదకొండు ఉన్నాయి. పదకొండింట్లోనూ పీఎఫ్ కోత 12 శాతం కనబడుతోంది. పీఎఫ్ ఆఫీసు రికార్డులో మాత్రం 2004 మార్చి నుంచి 2009 మార్చి దాకా, 61 నెలలు, నాన్న పేరు మీద జమ ఏమీ లేదు. సరిగ్గా ఆ కాలంలోనే మిల్లుని ఇంకో కంపెనీ లీజుకి తీసుకుని నడిపింది. కోత కోశారు, జమ చెయ్యలేదు. జీతంలోంచి పీఎఫ్ పట్టుకుని కట్టని యజమానిని నమ్మి అప్పగించిన సొమ్ము కాజేసినవాడిగానే చూడమని భారత శిక్షాస్మృతి 405వ సెక్షన్‌కి ప్రత్యేకంగా వివరణ చేర్చారు. ఇప్పుడది భారతీయ న్యాయ సంహిత 316వ సెక్షన్లోకి వచ్చింది.

నేను పొట్టకూటికి ఖాతాలు రాసేవాణ్ణి. వకీలుని కాను. అందుకేనేమో, పెన్షన్ పథకం పుస్తకం తెచ్చుకుని చదువుతుంటే నా కన్ను ఒక మాట దగ్గర ఆగింది. పెన్షన్‌కి లెక్కలోకొచ్చే సర్వీసు ఏదో చెప్పే చోట, సభ్యుడి తరఫున నిధికి "వచ్చిన లేదా రావలసిన" చందాలని బట్టి అని ఉంది. వచ్చినవి మాత్రమే అని లేదు. ఖాతాలు రాసే ఎవణ్ణైనా అడగండి, ఈ రెండు మాటలకీ ఎంత తేడా ఉందో చెప్తాడు. వచ్చింది నగదు పుస్తకంలోకి పోతుంది. రావలసింది బాకీదారు పేరు మీద ఉంటుంది, కానీ అదీ ఆస్తి కిందే. వసూలు కాలేదని సరుకే అమ్మలేదని ఎవడూ రాసుకోడు. యజమాని చందా కట్టకపోతే అది నిధికి రావలసిన బాకీ. ఆ బాకీ మిల్లుది. దానికోసం నాన్న సర్వీసుని కొట్టెయ్యడం ఆ వాక్యానికి విరుద్ధం.

ఈ సంగతి రాసి ఇస్తే కౌంటర్లో ఉన్నాయన చదివాడు, కాదనలేదు. "పెద్దాయనా, మీరన్నది రైటే. కానీ రావాల్సిందని తేలాలిగా. తేలాలంటే సెవెన్-ఏ పడాలి" అన్నాడు. అక్కడితో విషయం నాన్న చేతుల్లోంచి జారిపోయింది.

సెవెన్-ఏ అంటే 1952 నాటి ప్రావిడెంట్ ఫండ్ చట్టంలో బకాయిలు తేల్చే విచారణ. యజమాని మీద ఈ చట్టానికున్న కోరలు తక్కువేం కావు. ఆలస్యానికి 12 శాతం వడ్డీ, దాని మీద 14-బి కింద నష్టపరిహారం. ఆ నష్టపరిహారం చెల్లుతుందని సుప్రీంకోర్టు 1979లోనే ఆర్గానో కెమికల్ ఇండస్ట్రీస్ కేసులో చెప్పింది. కావాలని ఎగ్గొట్టాడని రుజువు చెయ్యనక్కర్లేదు, కట్టకపోవడమే చాలని 2022లో కొడగు జిల్లాలోని ఒక ఉద్యాన పరిశోధన కేంద్రం కేసులో ఇంకా స్పష్టంగా తేల్చింది. అప్పులవాళ్ల వరసలో కూడా పీఎఫ్ బకాయిదే ముందు పీట. మహారాష్ట్రలో చక్కెర మిల్లులు గోదాముల్లో బస్తాలు బ్యాంకుకి తాకట్టు పెట్టి అప్పు తెచ్చుకున్నాయి, పీఎఫ్ ఎగ్గొట్టాయి. ఆ చక్కెర మీద మొదటి హక్కు ఎవరిదని తగువొస్తే పీఎఫ్ బకాయిదేనని, వడ్డీ, నష్టపరిహారం కూడా అందులో భాగమేనని 2009లో సుప్రీంకోర్టు తీర్పిచ్చింది. కంపెనీ దివాలా తీసినా 2016 నాటి దివాలా చట్టం పీఎఫ్, పెన్షన్, గ్రాట్యుటీ నిధుల్లోంచి ఉద్యోగికి రావలసిన సొమ్ముని పంచుకునే ఆస్తిలో కలపొద్దంటుంది. జెట్ ఎయిర్‌వేస్‌ని తీసుకోబోయినవాళ్లు పీఎఫ్, గ్రాట్యుటీ బకాయిలు కట్టాల్సిందేనని 2022లో అప్పీలు ట్రిబ్యునల్ అంటే, 2023 జనవరిలో సుప్రీంకోర్టు అందులో జోక్యం చేసుకోలేదు.

ఇవన్నీ చదివితే కార్మికుడికి ఇంతకంటే ఏం కావాలి అనిపిస్తుంది. నాకూ అనిపించింది, విచారణ గదిలో కూర్చునేదాకా. బల్లకి ఒక పక్కన ఆఫీసు తరఫు ఇన్‌స్పెక్టరు, ఇంకో పక్కన మిల్లు వకీలు. నాన్న గోడవార కుర్చీలో. ఆయన కేసులో కక్షిదారు కాడు, ఫిర్యాదిచ్చిన మనిషి అంతే. మూడేళ్ల తర్వాత వచ్చిన ఆర్డరులో నాన్న పేరు చివరి జాబితాలో 112వ వరసలో ఉంది. బకాయి అనేది ఆఫీసుకీ మిల్లుకీ మధ్య సంగతి. నిధికి సొమ్ము పడిందా లేదా అన్నదే అక్కడి ప్రశ్న. 112వ వరసలో ఉన్న మనిషి ఈ మూడేళ్లూ ఏం తిన్నాడన్నది ఎవరి ప్రశ్నా కాదు.

ఆ గదిలో విన్న వాదన ఒకటి మాత్రం చెప్పాలి, వకీలు తెలివిని మెచ్చుకునైనా. సంస్థ చేతులు మారినప్పుడు అప్పటిదాకా ఉన్న బకాయికి ఇచ్చినవాడూ పుచ్చుకున్నవాడూ ఇద్దరూ బాధ్యులని 17-బి సెక్షన్ చెబుతుంది. అమ్మకం, దానం, లీజు, ఏ రూపంలో మారినా సరే. పుచ్చుకున్నవాడి బాధ్యత మాత్రం వాడికి సంక్రమించిన ఆస్తి విలువ దాకానే. లీజు కంపెనీ అప్పటికే తలుపులు మూసుకుని పోయింది, కాబట్టి సొంతదారు మీద పడాలి. వకీలు లేచి, "లీజు ముగిశాక నా ఆస్తి నేను వెనక్కి తీసుకోవడం బదిలీ ఎలా అవుతుంది? నేనేం కొనుక్కోలేదు కదా" అన్నాడు. వినడానికి బానే ఉంది. అధికారి కాసేపు కాగితాలు తిరగేసి, "యంత్రాలు ఇప్పుడెవరి దగ్గరున్నాయి? మనుషులు ఇప్పుడెవరి హాజరు పుస్తకంలో ఉన్నారు?" అని అడిగారు. నడుస్తున్న సంస్థ ఒక చేతిలోంచి ఇంకో చేతిలోకి వచ్చింది, అది చాలన్నారు. నాకు తీర్పుకంటే ఆ రెండు ప్రశ్నలు ఎక్కువ నచ్చాయి.

నాన్న ఆ కాలంలో పనిచేశాడన్న రుజువు ఎక్కడినుంచి వచ్చిందో తెలుసా? ఈఎస్ఐ నుంచి, అంటే కార్మికుల ఆరోగ్య బీమా నుంచి. 61 నెలలు పీఎఫ్ కట్టని అదే లీజు కంపెనీ, అదే మనుషులకి, అదే జీతాల మీద, ఈఎస్ఐ చందా మాత్రం దాదాపు నెల తప్పకుండా కట్టింది. మొదట నాకు అర్థం కాలేదు. తర్వాత నాన్నే చెప్పాడు. బెల్టులో చెయ్యి పడ్డవాణ్ణి ఈఎస్ఐ ఆసుపత్రికి తీసుకెళ్తే, అక్కడ చందా లేదంటే ఆ మధ్యాహ్నమే మిల్లు గేటు ముందు జనం. పెన్షన్ ఎగ్గొడితే ఏమవుతుంది? పదేళ్లకో ఇరవయ్యేళ్లకో ఒక ముసలాయన ఒంటరిగా కౌంటరు ముందు నిలబడతాడు. కంపెనీ ఏది కట్టాలో ఏది మానాలో ఆలోచించుకునే మానింది.

ఈఎస్ఐ చట్టంలో ఇంకొకటుంది. 68వ సెక్షన్. యజమాని చందా కట్టకపోవడం వల్ల కార్మికుడికి ప్రయోజనం తప్పిపోయినా తగ్గినా, ముందు కార్పొరేషనే ఆ ప్రయోజనం ఇచ్చి, తర్వాత యజమాని నుంచి రాబట్టుకోవచ్చు. 1948 నాటి చట్టం ఇది. ముందు మనిషికి ఇవ్వు, తగువు తర్వాత నువ్వు చూసుకో అన్న పద్ధతి మన చట్టాల్లోనే డెబ్భై ఏళ్లకి పైగా ఉంది. పెన్షన్ పథకంలో "రావలసిన" అన్న మాట కూడా ఇదే దారి చూపిస్తోందని నా వాదన. ఆ మాటకి తగ్గ నడవడి మాత్రం రాలేదు. నాన్న విషయంలో ఆర్డరు వచ్చాక కూడా మిల్లు అప్పీలుకి వెళ్లడానికి 75 శాతం జమ కట్టినదాకా పెన్షన్ ఫైలు కదల్లేదు. 2018 మార్చిలో పీపీఓ, అంటే పెన్షన్ మంజూరు కాగితం, వచ్చింది. 2013 నుంచి బకాయి కలిపి డెబ్భై వేల పైచిలుకు. వడ్డీ సున్నా.

ఈ వడ్డీ దగ్గర నాకు కడుపు మండుతుంది. కోవిడ్ మొదటి నెలల్లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ఉద్యోగుల జీతాల్లో, పెన్షన్లలో కొంత భాగాన్ని వాయిదా వేసింది. ఒక విశ్రాంత జిల్లా జడ్జి హైకోర్టుకెళ్లారు. హైకోర్టు 12 శాతం వడ్డీ వెయ్యమంది, 2021 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు దాన్ని 6 శాతానికి తగ్గించింది. తగ్గించింది గానీ కొట్టెయ్యలేదు. జీతం, పెన్షన్ హక్కు కింద రావలసినవని, ఆలస్యం చేసిన యజమాని ఆ సొమ్ము వాడుకున్నందుకు వడ్డీ ఇవ్వాల్సిందేనని దాని సారాంశం. పెన్షన్ దయాధర్మం కాదని 1982 నాటి నకారా తీర్పు నుంచీ వింటున్న మాటే. ప్రభుత్వోద్యోగి పెన్షన్ కొద్ది నెలలు ఆగితే ఆరు శాతం. మిల్లు కార్మికుడిది దాదాపు అయిదేళ్లు ఆగితే ఏమీ లేదు. పథకంలో ఆలస్యానికి వడ్డీ ఉంది, కాకపోతే "అన్ని విధాలా సరిగా ఉన్న" దరఖాస్తుకి మాత్రమే. యజమాని తప్పు వల్ల దరఖాస్తు సరిగా లేకపోతే ఆ ఆలస్యానికి వడ్డీ లేదు. మిల్లు దగ్గర మాత్రం అదే కాలానికి నిధి 12 శాతం వడ్డీ వసూలు చేసుకుంటుంది. ఆ వడ్డీ ఎవరి ఆకలి మీద పుట్టిందో అడగొద్దా?

అసలు యజమాని ఎవరన్న ప్రశ్నే తేలని చోట్లు ఇంకా ఉన్నాయి. నిజామాబాద్, జగిత్యాల వైపు ఇళ్లల్లో బీడీలు చుట్టే ఆడవాళ్ల సంగతి చూడండి. ఆకూ తంబాకూ ఇచ్చేది కమీషన్ మీద పనిచేసే మధ్యవర్తి, చుట్టేది అరుగు మీద, ముద్ర పడేది కంపెనీది. మా ఫ్యాక్టరీలో పనిచెయ్యనివాళ్లు మా ఉద్యోగులెలా అవుతారని కంపెనీలు వాదించాయి. 1985లో పి.ఎం. పటేల్ అండ్ సన్స్ కేసులో సుప్రీంకోర్టు ఆ వాదనని తోసేసింది. ఇంట్లో చుట్టినా సరే, చుట్టిన బీడీని పరీక్షించి బాగోలేనిదాన్ని తీసిపారేసే అధికారం ఎవరికుందో వాళ్ల అదుపులోనే ఆ పని జరుగుతున్నట్టు. ఆ తీర్పు నాకు చాలా ఇష్టం. కాగితం మీద ఎవరి పేరుందని అడగలేదు, పని ఎవరి కోసం జరిగిందని అడిగింది. తీర్పొచ్చి నలభై ఏళ్లయింది. పీఎఫ్ నంబరున్న బీడీ కార్మికురాలూ లేని కార్మికురాలూ పక్కపక్క అరుగుల మీదే కూర్చుని చుడుతున్నారు.

జీతాన్ని ముక్కలు చేసి బేసిక్ తగ్గించి చూపించే పద్ధతి గురించి ఎక్కువ చెప్పను. అందరికీ తెలిసిందే. అందరికీ ఒకేలా ఇచ్చే అలవెన్సులు బేసిక్‌లో కలిపే చందా కట్టాలని 2019 ఫిబ్రవరిలో వివేకానంద విద్యామందిర్ కేసులో తేలింది.

అధిక పెన్షన్ గొడవ మాత్రం చెప్పకుండా పోలేను. అక్కడ కూడా కాగితమే అడ్డం. 1996లో పథకానికి ఒక వెసులుబాటు కలిపారు. ఉద్యోగీ యజమానీ కలిసి ఒప్పుకుంటే, పరిమితి మీద కాకుండా అసలు జీతం మీద పెన్షన్ చందా కట్టొచ్చు. ఆ ఒప్పుకోలు కాగితం పెట్టడానికి ఒక గడువు తేదీ ఉందని ఆఫీసు అంది. అలాంటి గడువు పథకంలో లేదని 2016 అక్టోబరులో ఆర్.సి. గుప్తా కేసులో సుప్రీంకోర్టు అంది. ఈలోగా 2014 సెప్టెంబరు 1 నుంచి నిబంధనే మారింది. పరిమితి 15,000 అయింది, 12 నెలల సగటు జీతం 60 నెలల సగటుగా మారింది, వెసులుబాటు పోయింది. 2018లో కేరళ హైకోర్టు ఆ మార్పులు కొట్టేసింది. 2022 నవంబరు 4న ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం వాటిని చాలావరకు నిలబెట్టి, సర్వీసులో ఉన్నవాళ్లకి ఇంకో నాలుగు నెలలు అవకాశం ఇచ్చింది. ఒప్పుకోలు కాగితం పెట్టకుండా 2014 సెప్టెంబరుకి ముందే రిటైరైనవాళ్లకి ఏమీ లేదంది.

తీర్పు తప్పని నేననను. నిధి లెక్క వాళ్లు చూశారు. కానీ ఆ కాగితం స్వభావం గమనించండి. అది ఉమ్మడి కాగితం. యజమాని సంతకం లేకుండా ఉద్యోగి ఒక్కడే పెట్టలేడు. జీతం మొత్తం మీద పీఎఫ్ ఏళ్ల తరబడి కడుతూ వచ్చిన కంపెనీ, ఆ సంతకం మాత్రం ఎప్పుడూ పెట్టలేదు, అలాంటిదొకటుందని చెప్పనూ లేదు. నష్టం ఉద్యోగికి. తీర్పు తర్వాత 17 లక్షల పైచిలుకు దరఖాస్తులు వచ్చాయి. జీతాల వివరాలు నింపి పంపాల్సిన యజమానుల దగ్గరే 2024 డిసెంబరు నాటికి కూడా మూడు లక్షలకి పైగా పేరుకుపోయి ఉన్నాయి. వాళ్ల గడువు పొడిగించి, పొడిగించి, 2025 జనవరి 31 దాకా తెచ్చారు. ఉద్యోగుల గడువు 2023 జులై 11తోనే ముగిసిపోయింది. ఎవరి ఆలస్యానికి ఎంత ఓపిక పట్టారో ఈ రెండు తేదీలు చూస్తే చాలు.

అవతలివైపు వాదనలో పస లేదనను. నిధి అందరిది. రావలసిందని చెప్పి రాని సొమ్ము మీద పెన్షన్లు ఇస్తూ పోతే, సక్రమంగా కట్టిన కంపెనీల కార్మికుల సొమ్ముతో ఎగ్గొట్టిన కంపెనీల లోటు పూడ్చినట్టే. పనిచెయ్యనివాడు కూడా చేశానని రాయించుకొస్తాడు, అలాంటి దొంగ సర్వీసులు నేనూ చూశాను. చిన్న మిల్లుల యజమానులు ఇంకోటంటారు. నూలు ధర పడిపోయిన ఏడాది, జీతాలా పీఎఫా అంటే జీతాలే ఇచ్చాం, అది నేరమా అని. ఈ మూడో మాట విన్నప్పుడల్లా నాకు జాలి కలుగుతుంది, కానీ కోత కోసిన వాటాకి ఆ జాలి వర్తించదు. అది వాళ్ల డబ్బే కాదు. మొదటి రెండింటికీ జవాబు రుజువు భారాన్ని సరైన చోట పెట్టడం. పనిచేశాడని ఏదో ఒక ప్రభుత్వ రికార్డులో కనబడితే, అది ఈఎస్ఐ కానీ ఆదాయపు పన్ను కానీ, ఆ నెలలన్నీ రావలసినవిగా వెంటనే రాసెయ్యాలి. కాదని నిరూపించే పని యజమానిది. వసూలు చేసే పని ఆఫీసుది. ఎందుకంటే తనిఖీ చేసే అధికారం ఆఫీసుకే ఉంది, నాన్నకి లేదు. 61 నెలలు ఒక మిల్లు నుంచి చందా రాకపోతే అది ముందు తెలియాల్సింది ఎవరికి?

ఇప్పుడు దారి ఇంకా ఇరుకైంది. ఎగవేతకి నష్టపరిహారం ఒకప్పుడు ఏడాదికి 37 శాతం దాకా ఉండేది. తర్వాత 25 దాకా తగ్గింది. 2024 జూన్‌లో ఎంత ఆలస్యమైనా నెలకి ఒక శాతమే అన్నారు. కొన్ని చిన్న కంపెనీలకి బజార్లో అప్పు ఇంతకంటే చవగ్గా దొరకదు. 2025 నవంబరు 21న అమల్లోకొచ్చిన సామాజిక భద్రతా స్మృతి ఇంకో రెండు మెట్లు దిగింది. అప్పీలుకి వెళ్లే యజమాని కట్టాల్సిన జమ 75 శాతం నుంచి 25 శాతానికి తగ్గింది. బకాయి పడ్డ అయిదేళ్ల తర్వాత విచారణ మొదలుపెట్టడానికి వీల్లేదన్నారు. పాత చట్టంలో అలాంటి గడువు లేదు.

వ్యాపారానికి ఎప్పటికైనా పాత ఖాతా మూసుకునే వీలుండాలన్న ఉద్దేశం నాకర్థమవుతుంది. పన్నుల్లో గడువులున్నాయి, మంచిదే. కానీ పన్ను కట్టలేదన్న సంగతి అటూ ఇటూ ఉన్న ఇద్దరికీ తెలుసు. పెన్షన్ చందా కట్టలేదన్న సంగతి, సొమ్ము రావలసిన మనిషికి 58 ఏళ్లొచ్చేదాకా తెలియకపోవచ్చు. నాన్న కేసు ఈ కొత్త గడువులో పెట్టి చూశాను. ఎగ్గొట్టింది 2004 మార్చి నుంచి 2009 మార్చి దాకా. ఆఖరి నెల చందా కట్టాల్సిన తేదీ 2009 ఏప్రిల్ 15. మేం ఫిర్యాదిచ్చింది 2014 జూన్‌లో. 61 నెలల్లో ఒక్కటంటే ఒక్క నెల కూడా గడువులో లేదు. పదకొండు జీతం చీటీలు, ఈఎస్ఐ రికార్డు, 17-బి, అధికారి అడిగిన ఆ రెండు ప్రశ్నలు, అన్నీ అనవసరమయ్యేవి. ఇప్పుడు పాస్‌బుక్ ఫోన్లోనే కనబడుతోంది, నెలనెలా చూసుకోవచ్చు కదా అంటారు. చూసుకునేవాళ్లున్నారు. పనిలో ఉన్నవాడు చూసుకుని, యజమాని మీద ఫిర్యాదిచ్చి, మర్నాడు అదే గేటులోంచి లోపలికెళ్లాలి. ఉద్యోగం చేస్తూ ఈ పని చేసినవాణ్ణి నేనింకా చూడలేదు. గడువు పెట్టాలనే ఉంటే, కార్మికుడు పని మానిన రోజు నుంచి లెక్కపెట్టండి. దానికి ఒక్క వాక్యం మారిస్తే సరిపోతుంది.

నాన్నతో పాటు అదే షెడ్డులో పనిచేసిన బాబాయి ఒకాయన ఉన్నాడు. ఆయన ఆ అయిదేళ్లూ లేబర్ కాంట్రాక్టరు కింద ఉన్నాడు, అందుకే 2017 ఆర్డరు జాబితాలో పేరు లేదు. కాంట్రాక్టరు మనుషుల చందాకి కూడా అసలు యజమానే బాధ్యుడని పథకమే చెబుతోంది. ఆ మాట పట్టుకుని 2022లో ఫిర్యాదు వేయించాను, పాత చట్టం ఉండగానే. ఆయన సర్వీసు రికార్డులో 9 ఏళ్ల 3 నెలలు ఉంది. ఇంకో మూడు నెలలు తేలితే చాలు. ఈఎస్ఐ నంబరు ఎక్కడో పోయింది, కాంట్రాక్టరు చనిపోయాడు. ఆయన దగ్గరున్నవి నెలనెలా మార్చే గేట్ పాసులు. కాంట్రాక్టరు పేరు, పక్కన మిల్లు టైమ్ ఆఫీసు ముద్ర. రామకోటి రాసే పుస్తకాల్లో ఎక్కడిదాకా రాశాడో గుర్తుకి పెట్టుకునేవాడట. పుస్తకాలన్నీ దులిపితే 37 దొరికాయి.

వాయిదా వచ్చే 18న. జిరాక్సులు రెండు సెట్లు తీయించాం. వాటిల్లో ఒక పాసు మీద ముద్ర సగమే పడింది. నిన్న రాత్రి బాబాయి ఫోన్ చేసి, దాన్ని పైన పెట్టాలా అడుగున పెట్టాలా అని అడిగాడు. తేదీల వరసలోనే ఉంచు, ఎక్కడా మార్చొద్దు అన్నాను.